ఎన్‌కౌంటర్ మెసేజ్‌లో లెక్కలు ఎక్కడ తప్పాయి

ఆడపిల్ల మీద ఘోరం జరిగిందన్న వార్త వచ్చిన ప్రతిసారీ ఒక మెసేజ్ ఫ్యామిలీ గ్రూపుల్లోకి, అపార్ట్‌మెంట్ గ్రూపుల్లోకి మళ్లీ వచ్చి పడుతుంది. మాటలు అటూ ఇటూ మారినా సారం ఒకటే: "దేశంలో నేరాలు ఏటా పెరుగుతున్నాయని ప్రభుత్వ లెక్కలే చెబుతున్నాయి. చదువుకున్న కేరళే ముందుంది. జపాన్‌లో నూటికి 99 కేసుల్లో శిక్ష పడుతుంది, మన దగ్గర సగంలో కూడా పడదు. నిర్భయ తల్లి ఏడేళ్లు కోర్టుల చుట్టూ తిరిగింది. దిశ కేసులో పది రోజుల్లో న్యాయం జరిగింది, ఆ దెబ్బకి అందరూ భయపడ్డారు. ఇరవై ఒక్క రోజుల్లో ఉరి, కాదంటే ఎన్‌కౌంటర్, ఇదొక్కటే మందు. మానవ హక్కులంటూ అరిచేవాళ్లకు బాధితులు కనపడరు." కింద నాలుగు దండాలు, ఒక జెండా.

దీన్ని పంపేవాళ్లలో చాలామంది మంచివాళ్లే. మా చుట్టాల్లోనూ ఉన్నారు. వాళ్ల కోపంతో నాకు పేచీ లేదు, ఆ కోపానికి ఆసరాగా తెచ్చిన లెక్కలతోనే పేచీ. పోలీసులు, కోర్టులు సరిగ్గా పనిచేస్తున్నాయా లేదా అని తేల్చడానికి ఈ మెసేజ్ వాడిన కొలతల్లో నిలబడేది ఒక్కటీ లేదు. కొన్నయితే పూర్తిగా తలకిందులు.

"నేరాలు ఏటా పెరుగుతున్నాయని ప్రభుత్వ లెక్కలే చెబుతున్నాయి."

ప్రభుత్వ లెక్కలంటే జాతీయ నేర రికార్డుల బ్యూరో, అంటే ఎన్‌సీఆర్‌బీ, వేసే 'క్రైమ్ ఇన్ ఇండియా' నివేదిక. 1953 నుంచి వస్తోంది. అది లెక్కపెట్టేది స్టేషన్లో కట్టిన కేసులను. జరిగిన నేరాలకూ, కట్టిన కేసులకూ మధ్య ఎంత దూరం ఉంటుందో ఒక్కసారి స్టేషన్ మెట్లెక్కినవాళ్లకు వేరే చెప్పక్కర్లేదు. బస్టాండులో ఫోన్ కొట్టేశారని వెళ్తే "కొట్టేశారని కాదండీ, పోయిందని రాయండి" అంటారు. అలా రాసిచ్చిన కాగితం దొంగతనాల లెక్కలోకి రాదు, పోయిన వస్తువుల లెక్కలోకి పోతుంది. మొగుడు కొట్టాడని వెళ్తే ముందు కౌన్సెలింగ్, తర్వాత పెద్దమనుషులు, ఆ తర్వాత "సీఐ గారు లేరు, రేపు రండి". ఆ నెల ఆ స్టేషన్లో నేరాలు తగ్గినట్టు పైఅధికారికి రిపోర్టు వెళ్తుంది.

ఈ లెక్క ఎంత వింతగా ప్రవర్తిస్తుందో 2020 చూపిస్తుంది. 2019లో దేశం మొత్తం మీద దాదాపు 51.56 లక్షల కేసులు. 2020లో 66 లక్షలు దాటాయి. ఒక్క ఏడాదిలో 28 శాతం పెరుగుదల. ఆ ఏడాది నెలల తరబడి జనం ఇళ్లలోంచి కాలు బయటపెట్టలేదు కదా, మరి నేరాలు ఎవరు చేశారు? ప్రభుత్వ ఉత్తర్వులు ధిక్కరించారని పెట్టే పాత ఐపీసీ 188 కేసులు 29,469 నుంచి 6,12,179కి ఎగబాకాయి. మాస్కు లేదని, లాక్‌డౌన్‌లో రోడ్డెక్కారని కట్టిన కేసులవి. అదే ఏడాది మహిళలపై నేరాల కేసులు 4.05 లక్షల నుంచి 3.71 లక్షలకు తగ్గాయి. తాగుబోతు మొగుడితో నాలుగు గోడల మధ్య నెలల తరబడి ఇరుక్కుపోయిన ఏడాదిలో ఇళ్లలో హింస తగ్గిందంటే ఎవరు నమ్ముతారు? స్టేషన్‌కి వెళ్లే దారి మూసుకుపోయిందంతే.

ఇక రెండో వైపు. అత్యాచారం కేసులు 2012లో 24,923. మరుసటి ఏడాది 33,707. ఆ ఏడాది మగవాళ్లు ఉన్నట్టుండి మూడో వంతు ఎక్కువ దుర్మార్గులైపోయారని అనుకోవాలా? నిర్భయ ఘటన తర్వాత భయం వదిలి బయటికొచ్చినవాళ్లు పెరిగారు. 2013లో చట్టం అత్యాచారానికిచ్చిన నిర్వచనాన్ని పెంచింది. ఇలాంటి ఫిర్యాదులు తీసుకోని పోలీసు మీదే కేసు పెట్టే వీలు కల్పించింది. అదే ఏడాది నవంబరులో లలితా కుమారి కేసులో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం, విచారణార్హమైన నేరం (కోర్టు అనుమతి లేకుండానే పోలీసులు దర్యాప్తు చేయగలది) జరిగిందని ఫిర్యాదులో ఉంటే ఎఫ్ఐఆర్ కట్టి తీరాల్సిందేనంది. ఇదంతా వ్యవస్థ కాస్త మెరుగుపడిన గుర్తు. మెసేజ్ లెక్కలో మాత్రం అదే వ్యవస్థ చచ్చిపోయిన గుర్తు.

కేసులు ఎక్కువ కట్టడం, నేరాలు ఎక్కువ జరగడం రెండూ వేర్వేరని ఎన్‌సీఆర్‌బీ తన నివేదికల్లో తనే హెచ్చరించింది. ఆ పేజీ ఎవరూ ఫార్వర్డ్ చేయరు.

అసలు నేరాలెన్నో తెలియాలంటే ఇల్లిల్లూ తిరిగి అడగాలి. అమెరికా 1970ల నుంచి, బ్రిటన్ 1980ల నుంచి అలాంటి సర్వే చేస్తున్నాయి. మనకు దగ్గరగా ఉన్నది జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే. 2019-21 నాటి అయిదో సర్వేలో, శారీరక లేదా లైంగిక హింసకు గురైన మహిళల్లో ఎవరినైనా సాయం అడిగినవాళ్లు 14 శాతమే. అలా అడిగినవాళ్లలోనూ ఎక్కువమంది వెళ్లింది పుట్టింటివాళ్ల దగ్గరికి, పోలీసుల దగ్గరికి కాదు. ఈ 14 ఇరవై అయితే స్టేషన్లో కేసులు పెరుగుతాయి, మనం సంతోషించాలి.

"చదువుకున్న కేరళే నేరాల్లో ముందుంది."

దీనికి పెద్ద జవాబు అక్కర్లేదు. లక్ష జనాభాకు కేసులు చూస్తే కేరళ పైన ఉండటం నిజమే. చిన్న చిన్న కేసులు కూడా అక్కడ కడతారు, జనం కూడా కట్టించుకుంటారు. రాష్ట్రాలను పోల్చాలంటే దాచడానికి వీల్లేని నేరం తీసుకోవాలి. శవాన్ని "రేపు రండి" అని పంపేయలేరు కాబట్టి హత్యల లెక్కే కొంత నమ్మదగ్గది. 2022లో దేశ సగటు లక్షకు 2.1 హత్యలు. కేరళలో అందులో సగానికి అటూ ఇటూ.

"జపాన్‌లో 99 శాతం, మన దగ్గర సగం కూడా కాదు."

ముందు మన అంకె సరిచేద్దాం. 2022లో ఐపీసీ కేసుల్లో శిక్షల రేటు 54 శాతం, అంటే సగం పైనే. అత్యాచారం కేసుల్లో మాత్రం 27 శాతం చిల్లర. ఆ ఏడాది విచారణ పూర్తయిన కేసుల్లో ఎన్నింటికి శిక్ష పడిందన్నదే ఈ రేటు. కోర్టుల్లో ఉన్న కేసుల్లో నూటికి తొంభైకి దగ్గరగా ఆ ఏడాది విచారణ పూర్తి కాకుండానే మిగిలిపోతాయి, అవి ఈ లెక్కలోనే ఉండవు. పైగా నేరం ఒప్పుకుని ఫైను కట్టేసి పోయే చిన్న కేసులు ఎక్కువైతే రేటు దానంతటదే పెరుగుతుంది. ఒక జిల్లాలో శిక్షల రేటు పెరిగిందని పేపర్లో వస్తే ముందు అడగాల్సింది, ఏ కేసుల్లో అని.

జపాన్ సంగతి మన కార్పొరేట్ స్కూళ్లకు బాగా తెలుసు. నూటికి నూరు శాతం పాస్ అని ఫ్లెక్సీ కట్టాలంటే డల్ పిల్లలను ఆ స్కూలు తరఫున పరీక్షకు కూర్చోబెట్టకపోతే సరి. జపాన్ ప్రాసిక్యూటర్లు ఖాయంగా గెలుస్తామనుకున్న కేసులనే కోర్టుకు పంపుతారు. పోలీసులు పంపిన వాటిలో సగానికి పైగా వాళ్ల బల్ల మీదే ఆగిపోతాయి. అభియోగం మోపకముందే 23 రోజుల దాకా నిర్బంధించవచ్చు, ప్రశ్నించేటప్పుడు పక్కన లాయరు ఉండడు. ఇవావో హకమాదా అనే మాజీ బాక్సర్‌ను 1966లో అరెస్టు చేశారు, 1968లో మరణశిక్ష వేశారు. 2024 సెప్టెంబర్ 26న నిర్దోషి అన్నారు. అప్పటికి ఆయనకు 88 ఏళ్లు. ఆ 99 శాతంలో ఆయన కూడా ఒక అంకె.

ఇక మన 27 శాతం. దీనికి జడ్జిల మెతకదనమే కారణమని మెసేజ్ నమ్మకం. కింది కోర్టులో ఒక ఉదయం కూర్చుంటే ఆ నమ్మకం పోతుంది. కోర్టు కానిస్టేబుల్ సమన్లు పట్టుకుని సాక్షి పాత అడ్రసుకు వెళ్తాడు. సాక్షి అప్పటికే బెంగుళూరులో మేస్త్రీ పనికి పోయుంటాడు. తర్వాతి వాయిదాకు ఎలాగో వస్తాడు, ఆ రోజు జడ్జిగారు సెలవు. ఒక రోజు కూలి పోయింది, బస్సు చార్జీలు పోయాయి. మళ్లీ వచ్చేసరికి కేసు రాసిన ఎస్సై బదిలీ అయి ఇంకో జిల్లాలో బందోబస్తు డ్యూటీలో ఉంటాడు. పోస్టుమార్టం చేసిన డాక్టరు పీజీ చదువుకు వెళ్లిపోయి ఉంటాడు. మధ్యవర్తుల నివేదిక (పంచనామా) మీద సంతకం చేసిన వీఆర్వో బోనెక్కి "స్టేషన్లో పెట్టమన్నారు, పెట్టాను, ఆ చోటికి నేను వెళ్లలేదు" అంటాడు. ఏపీపీ, అంటే ప్రభుత్వ లాయరు, లేచి, సాక్షి హాస్టైల్ అయ్యాడని (మాట మార్చాడని) ప్రకటించమని కోర్టును అడుగుతారు. ఈలోగా బాధితురాలికి పెళ్లయి ఉంటుంది, అత్తింటివాళ్లకు కేసు సంగతి తెలియదు. ఇన్ని జరిగాక జడ్జి ముందు మిగిలేది పలచటి ఫైలు. దాని మీద శిక్ష వేస్తే పైకోర్టులో నిలవదు.

వరకట్న వేధింపుల కేసుల గురించి 2014 నాటి అర్నేశ్ కుమార్ తీర్పులో సుప్రీంకోర్టు రెండు అంకెలు పక్కపక్కన పెట్టింది. చార్జిషీటు వేసినవి 93.6 శాతం, శిక్ష పడినవి 15 శాతం. ఇన్ని కేసులు పోలీసు పుస్తకంలో గెలుపు, కోర్టు పుస్తకంలో ఓటమి. తేడా ఎక్కడ వచ్చిందో ఎవరు చూడాలి?

దానికీ ఆదేశం ఉంది. 2014 జనవరిలోనే, గుజరాత్‌లో ఒక చిన్నారి హత్య కేసు దర్యాప్తు లోపాలతో వీగిపోయినప్పుడు, సుప్రీంకోర్టు అన్ని రాష్ట్రాల హోం శాఖలకూ చెప్పింది. వీగిపోయిన ప్రతి కేసునూ పరిశీలించాలి, తప్పు ఎక్కడ జరిగిందో రాసుకోవాలి, ఆ పాఠాలను శిక్షణలో పెట్టాలి, బాధ్యులైన అధికారుల మీద చర్య తీసుకోవాలి. పదేళ్లు దాటింది. మీ జిల్లాలో ఆ పరిశీలన ఏం తేల్చిందో ఎప్పుడైనా పేపర్లో చదివారా? నేను చదవలేదు. ఎన్‌కౌంటర్ చేయమని అడిగినంత గట్టిగా దీన్ని అడిగి ఉంటే బాగుండేది.

"నిర్భయ తల్లి ఏడేళ్లు కోర్టుల చుట్టూ తిరిగింది."

నిజం, ఆమె తిరిగింది. ఆ ఏడేళ్లు ఎక్కడ పోయాయో తేదీలే చెబుతాయి. ఘటన 2012 డిసెంబర్ 16. ఫాస్ట్ ట్రాక్ కోర్టు మరణశిక్ష వేసింది 2013 సెప్టెంబర్ 13న, అంటే తొమ్మిది నెలలు నిండకుండానే. హైకోర్టు ఖరారు చేసింది 2014 మార్చి 13న. సుప్రీంకోర్టు తీర్పు 2017 మే 5. ఉరి 2020 మార్చి 20. సాక్ష్యాలు విని నిజం తేల్చడానికి తొమ్మిది నెలలు, పై మెట్లకు ఆరున్నరేళ్లు.

దీనర్థం కింది కోర్టులు పరిగెడుతున్నాయని కాదు. మిర్యాలగూడలో 2018 సెప్టెంబర్‌లో పట్టపగలు జరిగిన పరువు హత్య కేసులో తీర్పు 2025 మార్చి 10న వచ్చింది. ఆలస్యం నిజమైన జబ్బు. ఏ కేసులో ఏ మెట్టు దగ్గర ఆగిందో చూడకుండా "కోర్టులు" అని ఒక్క మాటలో తిట్టేస్తే మందు తప్పిపోతుంది.

"దిశ కేసులో పది రోజుల్లో న్యాయం జరిగింది."

2019 నవంబర్ 27 రాత్రి శంషాబాద్ దగ్గర తొండుపల్లి టోల్ ప్లాజా నుంచి మొదలుపెడదాం. ఆ అమ్మాయి ఫోన్ పనిచేయడం ఆగిపోయాక ఇంట్లోవాళ్లు పోలీసుల దగ్గరికి పరిగెత్తారు. ఇది మా పరిధి కాదు, ఆ స్టేషన్‌కి వెళ్లండి అన్న మాట వాళ్లకు ఎదురైంది. ఫిర్యాదు తీసుకోవడంలో ఆలస్యం చేశారని తర్వాత ఒక ఎస్సైని, ఇద్దరు హెడ్ కానిస్టేబుళ్లను సస్పెండ్ చేశారు. ఏ స్టేషన్‌లో అయినా ఫిర్యాదు తీసుకుని తర్వాత సంబంధిత స్టేషన్‌కి పంపే 'జీరో ఎఫ్ఐఆర్' పద్ధతి అప్పటికే ఉంది. ఆ రాత్రి దొరకలేదు.

ఆమెపై అత్యాచారం చేసి చంపారని పట్టుకున్న నలుగురినీ, నేరం ఎలా జరిగిందో చూపించమంటూ ('సీన్ రీకన్‌స్ట్రక్షన్') తీసుకెళ్లి, డిసెంబర్ 6 తెల్లవారుజామున చటాన్‌పల్లి దగ్గర పోలీసులు కాల్చి చంపారు. పోలీసుల మీద పూలు చల్లారు. ఆ పూల కింద పడి మొదట మాయమైంది ఆ రాత్రి స్టేషన్లో ఏం జరిగిందన్న ప్రశ్న. పరిధి గొడవ ఎందుకొచ్చింది, టోల్ ప్లాజా దగ్గర గస్తీ ఎందుకు లేదు, ఇంకో కుటుంబానికి ఇదే జరిగితే ఎవరిది బాధ్యత? కేసు కోర్టుకు వెళ్లి ఉంటే ఇవన్నీ క్రాస్ ఎగ్జామినేషన్‌లో బయటికొచ్చేవి.

రెండోది, ఆ నలుగురే చేశారా, ఎవరు ఎంత చేశారన్నది ఏ కోర్టూ తేల్చలేదు. సుప్రీంకోర్టు వేసిన జస్టిస్ సిర్పూర్కర్ కమిషన్ నివేదిక 2022 మేలో బయటికొచ్చింది. పోలీసులు చెప్పిన కథ నమ్మదగ్గది కాదని, చంపాలన్న ఉద్దేశంతోనే కాల్చారని, చనిపోయినవాళ్లలో ముగ్గురు అప్పటికి మైనర్లని, పదిమంది పోలీసులను హత్యానేరం కింద విచారించాలని ఆ కమిషన్ చెప్పింది. విషయం హైకోర్టుకు వెళ్లింది. పది రోజుల్లో ముగిసిందనుకున్న కేసు ఏళ్ల తర్వాత కూడా ముగియలేదు.

మెసేజ్ పంపేవాళ్లకు అసలు గుర్తుండని సంగతి ఇంకొకటి ఉంది. దిశ ఘటనకు మూడు రోజుల ముందు, నవంబర్ 24న, కుమురం భీం ఆసిఫాబాద్ జిల్లాలో ఊరూరూ తిరిగి సామాన్లు అమ్ముకునే ఒక దళిత మహిళపై ముగ్గురు అత్యాచారం చేసి చంపేశారు. సమత కేసు అన్నారు. టీవీల వాళ్లు అక్కడికి ఆలస్యంగా వెళ్లారు. ఆ కేసులో ఆదిలాబాద్‌లో ప్రత్యేక కోర్టు పెట్టారు, డిసెంబర్‌లో చార్జిషీటు పడింది, సాక్షులను విన్నారు, 2020 జనవరి 30న తీర్పు వచ్చింది. ముగ్గురికీ మరణశిక్ష. మరణశిక్ష మీద నా అభిప్రాయం వేరు. కానీ అదే రాష్ట్రంలో, అదే నెలలో జరిగిన నేరానికి కోర్టు ద్వారానే రెండు నెలల చిల్లరలో తీర్పు వచ్చిందన్నది కళ్లెదుట ఉన్న నిజం. దిశ కేసుకూ మహబూబ్‌నగర్‌లో ఫాస్ట్ ట్రాక్ కోర్టు ప్రకటించారు. దాంతో పని పడకుండా చేసింది తుపాకీ.

"పక్కా నిందితులే కదా" అనేవాళ్లకు 2007 గుర్తుచేయాలి. ఆ ఏడాది డిసెంబర్‌లో విజయవాడ పక్కన ఇబ్రహీంపట్నంలో హాస్టల్లో ఒక బీఫార్మసీ విద్యార్థిని హత్యకు గురైంది. జనం భగ్గుమన్నారు, పోలీసుల మీద ఒత్తిడి పెరిగింది. కొన్ని నెలలకు ఒక పేద యువకుణ్ని పట్టుకొచ్చి ఇతనే అన్నారు. 2010లో శిక్ష పడింది. చిత్రమేమంటే, ఇతను కాదు హంతకుడని మొదటి నుంచీ చెప్పింది చనిపోయిన అమ్మాయి తల్లిదండ్రులే. 2017 మార్చి 31న హైకోర్టు అతణ్ని నిర్దోషిగా వదిలేసి, లక్ష రూపాయలు ఇవ్వమంది. ఎనిమిదేళ్లకు పైగా జైల్లో పోయాయి. అతను బతికి బయటికి రావడానికి ఒక్కటే కారణం, 2008లో ఎవరూ అతణ్ని తెల్లవారుజామున 'సీన్ రీకన్‌స్ట్రక్షన్'కి తీసుకెళ్లకపోవడం.

"ఆ దెబ్బకి అందరూ భయపడ్డారు."

2008 డిసెంబర్‌లో వరంగల్‌లో ఇద్దరు ఇంజినీరింగ్ విద్యార్థినుల మీద యాసిడ్ పోశారు. మూడు రోజుల్లోనే ముగ్గురు నిందితులను ఎన్‌కౌంటర్ చేశారు. అప్పుడూ ఇదే మాట, ఇక ఎవడూ సాహసించడని. 2019 వచ్చింది. దిశ తర్వాత రెండేళ్లు నిండకముందే, 2021 సెప్టెంబర్‌లో, హైదరాబాద్ సైదాబాద్ సింగరేణి కాలనీలో ఆరేళ్ల పాప హత్య.

తెలంగాణలో మహిళలపై నేరాల కేసులు 2019లో 18,394, 2022లో 22,066. ఈ అంకెతో "చూశారా, ఎన్‌కౌంటర్ తర్వాత నేరాలు పెరిగాయి" అని నేను అనొచ్చు. అనను, ఎందుకంటే కేసులు పెరిగితే నేరాలు పెరిగినట్టు కాదని పైన చెప్పింది నేనే. మెసేజ్ మాత్రం ఏ లెక్కా చూపకుండానే తగ్గాయంటోంది.

భయం పనిచేయదని నేనడం లేదు. దొరుకుతానన్న భయం పనిచేస్తుంది. నూటికి ఎనభై అయిదు మందికి పైగా ఫిర్యాదే చేయని చోట, విచారణ ముగిసిన అత్యాచారం కేసుల్లో నాలుగింట మూడు దాకా వీగిపోయే చోట, మిగిలిన ఆ కొద్దిమందికి ఉరి వేస్తామంటే నేరం చేసేవాడి లెక్కలో పెద్ద మార్పేమీ ఉండదు. మరణశిక్ష హత్యలను తగ్గిస్తుందా అన్నదానిపై దశాబ్దాల అధ్యయనాలను అమెరికా జాతీయ పరిశోధన మండలి 2012లో పరిశీలించి, వాటిని ఆధారం చేసుకుని ఏమీ చెప్పలేమని తేల్చింది. మన లా కమిషన్ 2015లో ఉగ్రవాదం, దేశంపై యుద్ధం కేసులు తప్ప మిగతా వాటికి మరణశిక్ష తీసేయమంది. నిర్భయ తర్వాత 29 రోజుల్లో నివేదిక ఇచ్చిన జస్టిస్ వర్మ కమిటీ కూడా అత్యాచారానికి ఉరి సిఫార్సు చేయలేదు.

దానికి ఇంటి లోపలి కారణం ఒకటుంది. ఎన్‌సీఆర్‌బీ లెక్కల్లో అత్యాచారం కేసుల్లో నూటికి 95 పైచిలుకు నిందితులు బాధితురాలికి తెలిసినవాళ్లే. చుట్టం, పొరుగువాడు, పెళ్లి చేసుకుంటానన్నవాడు. చిన్నాన్నకు ఉరి పడుతుందంటే అమ్మమ్మ, మేనత్త, ఊరి పెద్ద అందరూ కలిసి ఆ పిల్ల నోరు నొక్కేస్తారు. శిక్ష ఎంత పెంచితే ఆ ఇంట్లో అంత మౌనం. బయట హైవే మీద కాచుకుని ఉన్న అపరిచితుణ్ని ఊహించుకుని రాసిన చట్టం ఈ ఇంటికి సరిపోదు.

"ఇరవై ఒక్క రోజుల్లో ఉరి."

ఆంధ్రప్రదేశ్ శాసనసభ 2019 డిసెంబర్ 13న దిశ బిల్లు ఆమోదించింది. ఏడు పనిదినాల్లో దర్యాప్తు, పద్నాలుగు పనిదినాల్లో విచారణ. రాష్ట్రపతి ఆమోదం రాలేదు కాబట్టి అది చట్టం కాలేదు. అయినా జనం నోట్లో "దిశ చట్టం" ఉండిపోయింది, ఉన్నట్టే మాట్లాడుకున్నారు.

గడువులు కొత్తేమీ కాదు. చార్జిషీటు వేశాక రెండు నెలల్లో అత్యాచారం కేసు విచారణ ముగించాలని 2013 నుంచే చట్టంలో ఉంది. దర్యాప్తు కూడా రెండు నెలల్లో ముగించాలని 2018లో చేర్చారు. 2024 జులై 1 నుంచి వచ్చిన కొత్త చట్టాల్లోనూ ఇవి ఉన్నాయి. కేసులకు ఏళ్లు పడుతున్న కాలంలోనే ఈ గడువులన్నీ పుస్తకంలో భద్రంగా ఉన్నాయి. తేదీ రాయడానికి ఖర్చు లేదు, మనిషిని నియమించడానికి ఉంది.

పది లక్షల జనాభాకు జడ్జిలు పదిమంది దాకానే ఉన్నారని, దాన్ని యాభైకి పెంచాలని లా కమిషన్ చెప్పింది 1987లో. ఇప్పటికి మంజూరైన పోస్టులు లెక్కేసుకున్నా ఇరవై ఒకటి దగ్గరే ఉన్నాం. జిల్లా కోర్టుల్లో ఆ పోస్టుల్లోనూ అయిదో వంతు దాకా ఖాళీ. 2000లో 1,734 ఫాస్ట్ ట్రాక్ కోర్టులు మంజూరు చేశారు. 2011 మార్చితో కేంద్రం డబ్బులు ఆపేసింది, చాలాచోట్ల మూతపడ్డాయి. ఆ తర్వాత ఏడాదే నిర్భయ. 2019లో మళ్లీ 1,023 ప్రత్యేక కోర్టుల పథకం. మూసింది మనమే, తెరిచింది మనమే. మధ్యలో పోయిన ఏళ్ల గురించి ఏ ఫార్వర్డూ లేదు.

ఫోరెన్సిక్ సంగతి మరీ. ఏడేళ్లు, ఆపైన శిక్ష పడే నేరాల్లో ఫోరెన్సిక్ నిపుణుడు ఘటనాస్థలికి వెళ్లి తీరాలని పాత సీఆర్‌పీసీ స్థానంలో వచ్చిన కొత్త నాగరిక సురక్షా సంహిత చెబుతోంది. అమలుకు రాష్ట్రాలకు అయిదేళ్ల గడువిచ్చారు, ఎందుకంటే అంతమంది నిపుణులు లేరని రాసినవాళ్లకు తెలుసు. డీఎన్ఏ రిపోర్టు కోసం ల్యాబ్‌లో నెలల తరబడి క్యూ ఉంటే ఏడు రోజుల దర్యాప్తు అంటే ఏమిటి? ఒప్పుకోలు వాంగ్మూలం. ఆ ఒప్పుకోలు ఎలా వస్తుందో చెప్పక్కర్లేదు.

హడావుడి తీర్పులు పైన నిలవవు కూడా. 2019 జూన్‌లో హన్మకొండలో తొమ్మిది నెలల పసిపాపపై అత్యాచారం, హత్య కేసులో కోర్టు ఆగస్టు 8కల్లా మరణశిక్ష వేసింది. నవంబర్‌లో హైకోర్టు దాన్ని జీవితాంతం జైలుగా మార్చింది. ఢిల్లీ జాతీయ న్యాయ విశ్వవిద్యాలయం 2016లో ఇచ్చిన నివేదిక ప్రకారం కింది కోర్టులు వేసిన మరణశిక్షల్లో చివరిదాకా నిలిచినవి అయిదు శాతం లోపే. దాదాపు 30 శాతం మంది పూర్తిగా నిర్దోషులుగా బయటపడ్డారు. ఇరవై ఒక్క రోజుల్లో ఉరి తీసి ఉంటే ఈ 30 శాతం మందిని ఏం చేసేవాళ్లం?

"మానవ హక్కులవాళ్లకు బాధితులు కనపడరు."

ఎన్‌కౌంటర్‌తో కేసు మూసేస్తే బాధితుల పక్కన ఎవరు మిగులుతారో చూడండి. కోర్టులో తమ మాట చెప్పుకునే రోజు వాళ్లకు ఉండదు. సాక్షులకు రక్షణ పథకాన్ని సుప్రీంకోర్టు 2018 డిసెంబర్‌లో ఆమోదించి దేశమంతా అమలు చేయమంది. మన జిల్లాల్లో దాని కింద రక్షణ పొందిన సాక్షి ఒక్కరైనా మీకు తారసపడ్డారా? బెయిల్ మీద వచ్చినవాడు బాధితురాలి ఇంటి ముందు బైక్ ఆపి హారన్ కొడితే ఫోన్ చేయడానికి ఆమె దగ్గర ఏ నంబరుంది?

ఇంకో వైపు జైళ్లు. 2022 చివర దేశంలో ఖైదీలు 5,73,220 మంది, వాళ్లలో 4,34,302 మంది విచారణ ఖైదీలు. నూటికి 76 మందికి ఇంకా తీర్పే రాలేదు. వాళ్లలో దోషులూ ఉంటారు, ఇబ్రహీంపట్నం కేసులోలాంటి కుర్రాళ్లూ ఉంటారు. కేసు తేలక బయట ఎదురుచూస్తున్న బాధితురాలినీ, లోపల ఎదురుచూస్తున్న అమాయకుణ్నీ ఏడిపిస్తున్నది ఒకే వాయిదా.

బాధితులకు చట్టం ఇచ్చినవి కొన్ని ఉన్నాయి, అడగకపోతే రావు. జాతీయ న్యాయ సేవాధికార సంస్థ 2018 పథకంలో అత్యాచార బాధితులకు 4 నుంచి 7 లక్షలు, సామూహిక అత్యాచారమైతే 5 నుంచి 10 లక్షలు పరిహారం ఉంది. నిందితుడు దొరకాలని, తీర్పు రావాలని లేదు. ఎఫ్ఐఆర్ కాపీతో జిల్లా న్యాయ సేవాధికార సంస్థకు దరఖాస్తు చేస్తే మధ్యంతర సాయం కూడా అడగొచ్చు. ఆ సంస్థ ఆఫీసు సాధారణంగా జిల్లా కోర్టు ఆవరణలోనే ఉంటుంది. ఉచిత న్యాయ సహాయానికి నంబరు 15100. ఇది కూడా గ్రూపులో పెట్టదగ్గ సమాచారమే, పైదానికన్నా చిన్నది, టైపు చేయడం తేలిక.